ఆ తర్వాతి వచనం



ఈ వారం ఒక సినిమా గురించి రాస్తున్నాను. పాస్టరుగారు సినిమాల గురించి రాయడమేమిటని పెద్దలు కొందరు నొచ్చుకోవచ్చు. దయచేసి చివరి వరకు చదవండి, ఆ తర్వాత గద్దించండి, వింటాను. ముందే ఒక మాట. ఇది పిల్లలతో కూర్చుని చూసేది కాదు. అందులో తెల్లవార్లూ తాగుడే, నోరు తెరిస్తే దూషణే. చూడమని నేనెవరికీ చెప్పడం లేదు. అందులో నాకు దొరికింది మాత్రం మీకు చెప్పాలి.

దాని పేరు 'హూ ఈజ్ అఫ్రెయిడ్ ఆఫ్ వర్జీనియా వుల్ఫ్'. వర్జీనియా వుల్ఫ్ ఒక ఇంగ్లీషు రచయిత్రి. ఆమెకూ కథకూ సంబంధం లేదు. తోడేలంటే ఎవరికి భయం అని పిల్లలు పాడుకునే పాట ఒకటుంది. తోడేలు మాట దగ్గర ఆమె పేరు పెట్టి చదువుకున్నవాళ్లు చేసుకున్న వేళాకోళం అది. మొదట ఇది నాటకం. ఎడ్వర్డ్ ఆల్బీ అనే అమెరికా రచయిత రాస్తే 1962 అక్టోబరులో న్యూయార్క్‌లో ఆడారు. 1966లో మైక్ నికోల్స్ దాన్ని సినిమాగా తీశారు. ఆయనకదే మొదటి సినిమా. నాటకమంతా ఒకే ఇంట్లో, ఒకే గదిలో జరుగుతుంది. సినిమాలో కాసేపు పెరట్లోకి, రోడ్డు పక్కనున్న ఒక హోటలుకు వెళ్తారు గానీ, ఎక్కడికి వెళ్లినా ఆ గదిలోని గాలే వాళ్లతో పాటు వస్తుంది.

నేను సెమినరీలో డిప్లొమా చదువుతున్న రోజుల్లో, కుటుంబాలకు సలహా చెప్పడం గురించి పాఠం చెప్పే మాస్టారు ఒక సాయంత్రం మమ్మల్ని టీవీ ముందు కూర్చోబెట్టి ఈ సినిమా వేశారు. అరగంట చూశానో లేదో, నా వల్ల కాలేదు. లేచి బయటికి వచ్చేసి వేపచెట్టు కింద బైబిలు తెరుచుకుని కూర్చున్నాను. పరిశుద్ధత కాపాడుకున్నానని లోపల కాస్త గర్వం కూడా. మర్నాడు మాస్టారు కోప్పడలేదు. "మిగతాది ఎప్పుడైనా చూడవయ్యా, నీకు పనికొస్తుంది" అన్నారంతే.

మిగతాది చూడడానికి నాకు 20 ఏళ్లు పైనే పట్టింది.

పోయిన నెల ఒక రాత్రి పదింటికి ఒక ఇంటి నుంచి ఫోను వచ్చింది. ఏ ఊరో, ఎవరో చెప్పను. వెళ్లేసరికి భర్త అరుగు మీద ఉన్నాడు, భార్య గడప లోపల ఉంది. ఇద్దరూ ఒకరితో ఒకరు మాట్లాడలేదు. ఇద్దరూ నాతోనే మాట్లాడారు. "చూడండయ్యగారూ, ఈవిడేం చేసిందో." "ఆయన సంగతి మీకు తెలీదయ్యగారూ, నేను చెప్తా వినండి." గంటన్నర విన్నాక నాకొకటి అర్థమైంది. నేను వచ్చాక వాళ్ల మాటలు చల్లబడలేదు, ఇంకా పదునెక్కాయి. వినేవాడు దొరికాడు కదా. చివరికి ఇద్దరినీ మోకరించమని ప్రార్థన చేసి వచ్చేశాను. ఇంటికొచ్చాక నా భార్య "ఏమైందండీ?" అంటే "ఏముంది, సమాధానపడ్డారు" అన్నాను. అబద్ధం. నిద్ర పట్టలేదు. అప్పుడు మాస్టారి మాట గుర్తొచ్చింది. రెండు రాత్రులు ఫోన్‌లో, కింద ఇంగ్లీషు అక్షరాలు చదువుకుంటూ, ఆపుకుంటూ ఆ సినిమా చూశాను.

కథ చెప్తాను. ఒక చిన్న కాలేజీ ఊరు. జార్జి చరిత్ర పాఠం చెప్పే మాస్టారు. మార్త అతని భార్య, కాలేజీ అధ్యక్షుడి కూతురు. పెళ్లయి చాలా ఏళ్లయింది. మామగారి కాలేజీలోనే పని చేస్తూ జార్జి తన విభాగానికి పెద్ద కూడా కాలేకపోయాడు. మార్త దాన్ని మర్చిపోదు, మర్చిపోనివ్వదు. శనివారం రాత్రి మామగారింట్లో విందు నుంచి వచ్చాక, రెండు గంటల వేళ ఇంకో జంట వాళ్లింటికి వస్తుంది. కొత్తగా చేరిన జీవశాస్త్రం మాస్టారు నిక్, అతని భార్య హనీ. ఆ చిన్నవాళ్లిద్దరినీ కూర్చోబెట్టి ఈ పెద్దవాళ్లిద్దరూ తెల్లారేదాకా ఒకరినొకరు మాటలతో చీల్చుకుంటారు. కొడతారు కూడా. చూసేవాళ్లు ఎదురుగా ఉన్నకొద్దీ వాళ్లకు ఊపు వస్తుంది. అక్కడ నిక్ కూర్చున్న సోఫాలో నన్ను నేను చూసుకున్నాను. ఆ అరుగు మీద నేను చేసింది అదే కదా.

మార్తను చూస్తుంటే నాకు మీకాలు గుర్తొచ్చింది. 2 సమూయేలు 6వ అధ్యాయం. ఆమె కూడా పెద్దింటి బిడ్డే, రాజు కూతురు. మందసం ముందు నాట్యమాడిన భర్తను గుమ్మంలోనే ఎత్తిపొడుస్తుంది. దావీదు తక్కువ తిన్నాడా? దేవుడు మీ నాన్నను కాదని నన్ను ఎన్నుకున్నాడని ఆమె పుండు మీదే కొడతాడు. ఒకరికి ఎక్కడ నొప్పి పుడుతుందో పక్కింటివాళ్లకు తెలీదు, పడక పంచుకున్నవాళ్లకు తెలుస్తుంది. ఆ అధ్యాయం ఎలా ముగుస్తుందో గుర్తుందా? మీకాలుకు చనిపోయేదాకా పిల్లలు లేరన్న మాటతో.

సినిమాలో గుట్టు కూడా అక్కడే ఉంది. జార్జికీ మార్తకూ ఒక కొడుకున్నాడు. మర్నాడు వాడి పుట్టినరోజు. వాడి గురించి బయటివాళ్లతో మాట్లాడకూడదని ఇద్దరి మధ్య ఒప్పందం. ఆ రాత్రి మార్త నోరు జారి హనీతో చెప్పేస్తుంది. ఇక వాడు కూడా ఆయుధమైపోతాడు. వాడి కళ్లు ఏ రంగో కూడా పోట్లాడుకుంటారు. నీవల్ల పాడయ్యాడంటే నీవల్లనని అనుకుంటారు. చివరికి జార్జి ఒక మాట చెప్తాడు. టెలిగ్రాం వచ్చింది, కారు చెట్టుకు గుద్దుకుని మన అబ్బాయి చనిపోయాడు అని. మార్త గుండె పగిలి ఏడుస్తుంది. నువ్వొక్కడివే అలా ఎలా నిర్ణయిస్తావని అరుస్తుంది. నిర్ణయించడమేమిటి? అప్పుడు నిక్‌కు అర్థమవుతుంది, మనకూ అర్థమవుతుంది. ఆ కొడుకు ఎప్పుడూ లేడు. వాళ్లకు పిల్లలు పుట్టలేదు. ఆ లోటును పూడ్చుకోడానికి ఇద్దరూ కలిసి ఒక కొడుకును అల్లుకున్నారు, ఏళ్ల తరబడి పెంచుకున్నారు.

నాటకంలో మూడో అంకానికి రచయిత పెట్టిన పేరు 'దయ్యాన్ని వెళ్లగొట్టడం'. మార్త కొడుకును తలుచుకుంటుంటే పక్కన జార్జి, చనిపోయినవారి కోసం చర్చిలో చదివే లాటిన్ ప్రార్థన చదువుతాడు. సంఘ కాపరిగా ఎన్నో భూస్థాపనలు చేశాను గానీ, లేని బిడ్డకు చేసిన భూస్థాపన చూడడం అదే మొదటిసారి.

ఇది అక్కడ కూడా అందరికీ మింగుడుపడలేదు. 1963లో నాటకానికి పులిట్జర్ బహుమతి ఇవ్వాలని న్యాయనిర్ణేతలు సిఫారసు చేస్తే పై బోర్డు ఒప్పుకోలేదు. ఆ ఏడు నాటకానికి బహుమతే ఇవ్వలేదు. కానీ సినిమాలను పరిశీలించే అక్కడి కేథలిక్ సంస్థ దీన్ని పూర్తిగా నిషేధించమనలేదు. పెద్దలు జాగ్రత్తతో చూడవచ్చని చెప్పింది. సినిమాకు 13 ఆస్కార్ నామినేషన్లు వచ్చాయి, 5 బహుమతులు దక్కాయి. మార్తగా వేసిన ఎలిజబెత్ టేలర్‌కు ఉత్తమ నటి, హనీగా వేసిన శాండీ డెన్నిస్‌కు ఉత్తమ సహాయనటి. జార్జిగా వేసిన రిచర్డ్ బర్టన్ అప్పటికి టేలర్‌కు నిజంగానే భర్త. 1964లో పెళ్లి చేసుకున్నారు, 1974లో విడిపోయారు, 1975లో మళ్లీ పెళ్లాడారు, 1976లో మళ్లీ విడిపోయారు. నవ్వుకోడానికి చెప్పడం లేదు. ఇతరుల కాపురాన్ని అంత బాగా చూపించగలిగినవారికి తమ కాపురం నిలబెట్టుకోవడం చేతకాలేదు. ప్రతి ఆదివారం కాపురాల గురించి ప్రసంగించే నాకు ఆ మాట గుచ్చుకుంది.

ఇక నా సంగతికి వస్తాను. ఇది నా భార్య చదివి "పెట్టండి" అన్న తర్వాతే పెడుతున్నాను.

మాకు ఇద్దరు పిల్లలని మీకు తెలుసు. అమ్మాయి ఇంటర్, అబ్బాయి తొమ్మిదో తరగతి. దేవుడు మాకు ఇద్దరు బిడ్డలనిచ్చాడని వేదిక మీద ఎన్నోసార్లు సాక్ష్యం చెప్పాను. అది నిజం కాదు. మాకు పుట్టింది ముగ్గురు. మొదటి బిడ్డ ఏడో నెలలో, కడుపులోనే కదలిక ఆగిపోయి పుట్టింది. ఆడబిడ్డ. నా భార్య మత్తులో ఉంది. తువ్వాల్లో చుట్టి బిడ్డను నా చేతికిచ్చారు. నేనూ మా మామగారూ సాయంత్రం చీకటి పడకముందే సమాధుల తోటలో ఒక మూలన పెట్టేసి వచ్చాం. పాట లేదు, వాక్యం లేదు, పేరు లేదు. పరాయివాళ్ల బిడ్డయితే నిలబడి ప్రార్థన చేసి ఉండేవాణ్ణి. నా బిడ్డకు నోరు పెగల్లేదు. నా భార్య ఆ ముఖం చూడనే లేదు. చూస్తే తట్టుకోలేదని నేనే వద్దన్నాను.

ఆ వచ్చే ఆదివారం నేను వాక్యం చెప్పాను. 2 సమూయేలు 12వ అధ్యాయం. దావీదు బిడ్డ చనిపోయినప్పుడు అతను నేల మీద నుంచి లేచి, స్నానం చేసి, బట్టలు మార్చుకుని, దేవుని మందిరానికి వెళ్లి మొక్కి, వచ్చి భోంచేశాడు. విశ్వాసి ఇలా ఉండాలి అన్నాను. సంఘం కన్నీళ్లు పెట్టుకుంది. "అయ్యగారి విశ్వాసం గొప్పది" అన్నారు. ఆ మెప్పు నా నోటికి తాళం వేసింది. అంత గొప్ప విశ్వాసి ఇంటికెళ్లి భార్య పక్కన కూర్చుని ఎలా ఏడుస్తాడు?

ఏడవలేదు. ఏడవని ఏడుపు ఎక్కడికి పోతుంది? పోట్లాటలోకి పోయింది. కూరలో ఉప్పు దగ్గర మొదలయ్యేది, కానుకల లెక్క దగ్గర మొదలయ్యేది. మందిరంలో నవ్వు ముఖం, ఇంట్లో రోజుల తరబడి మౌనం. ఒకరోజు మాటా మాటా పెరిగి నేనన్నాను, "ఆ రోజు ఆ ఆటోలో స్త్రీల కూడికకు వెళ్లకపోతే మన బిడ్డ బతికేది." డాక్టరమ్మ దానివల్ల కాదని నాతో స్పష్టంగా చెప్పింది. అది తెలిసే అన్నాను. నా భార్య కాసేపు నన్ను చూసి, "వెళ్లమని పంపింది మీరే కదండీ" అంది. అంతే. ఆ తర్వాత 17 ఏళ్లు మేమిద్దరం ఆ మాట ఎత్తలేదు.

సినిమా అయిపోయాక చీకట్లో కూర్చుని అనుకున్నాను. జార్జీ మార్తా లేని బిడ్డను ఉన్నట్టు చేసుకున్నారు. నేను ఉన్న బిడ్డను లేనట్టు చేశాను. రెండూ అబద్ధమే. వాళ్లయినా ఇద్దరూ కలిసి ఆడిన అబద్ధం అది. నాది నేనొక్కణ్ణే ఆడి, నా భార్య మీద రుద్దింది.

అప్పుడు లేచి లైటు వేసి బైబిలు తీశాను. 2 సమూయేలు 12. ఆ ఆదివారం నేను ఎక్కడ ఆపానో నాకు బాగా గుర్తుంది, 23వ వచనం దగ్గర. ఆ తర్వాతి వచనం చదివాను. దావీదు తన భార్య బత్షెబను ఓదార్చాడని ఉంది అక్కడ. ఎన్నిసార్లు చదివిన అధ్యాయమో అది! లేచాడు, స్నానం చేశాడు, మొక్కాడు, తిన్నాడు. ఇవన్నీ బోధించాను. ఓదార్చాడన్న మాటను దాటేశాను. బిడ్డను పోగొట్టుకున్నది దావీదు ఒక్కడే కాదని వాక్యానికి గుర్తుంది. వాక్యం చెప్పే నాకు గుర్తు లేదు.

మర్నాడు మధ్యాహ్నం పిల్లలు బడికి, కాలేజీకి వెళ్లాక, ఆమె బియ్యంలో రాళ్లు ఏరుతుంటే పక్కన కూర్చున్నాను. ఎలా మొదలుపెట్టాలో తెలియలేదు. "ఆ ఆటో మాట అన్నాను చూడు, అది అబద్ధం. డాక్టరమ్మ అప్పుడే చెప్పింది. నన్ను క్షమించు" అన్నాను. చేట పక్కన పెట్టింది. కోప్పడుతుందనుకున్నాను, ఏడుస్తుందనుకున్నాను. చాలాసేపటికి ఒకటే అడిగింది.

"మీరు చూశారు కదండీ. ఎవరి పోలిక?"

ప్రియులారా, 17 ఏళ్లు ఆమె ఆ ఒక్క ప్రశ్న మోసింది. జవాబు నా దగ్గరే ఉంది. అడగనివ్వలేదు నేను. "నీ నుదురు. జుట్టు ఒత్తుగా ఉంది. గడ్డం దగ్గర మాత్రం మా అమ్మ పోలిక" అన్నాను. అప్పుడు ఏడ్చింది. నేనూ ఏడ్చాను. ఆమె ఆ బిడ్డకు మనసులో ఎప్పుడో పేరు పెట్టుకుంది. ఆ పేరు నాతో చెప్పింది. దాన్ని మా ఇద్దరి దగ్గరే ఉంచుకుంటాం.

దీంతో మా కాపురం ఒక్కరోజులో మారిపోయిందని సాక్ష్యం చెప్పను. నిన్న కూడా గ్యాసు బండ విషయంలో కసురుకున్నాం. కానీ కసురుకున్నది గ్యాసు బండ గురించే. దాని కింద ఇంకోటి లేదు. ఆ తేడా అనుభవించినవాళ్లకే తెలుస్తుంది.

సినిమా కూడా పెళ్లి విందులా ముగియదు. ఆదివారం తెల్లవారుతుంది. అతిథులు వెళ్లిపోతారు. ఇద్దరే మిగులుతారు. ఇక కొడుకు లేడు, కథ లేదు, చూసేవాళ్లు లేరు. మార్త తనకు భయంగా ఉందని ఒప్పుకుంటుంది. ఆ రాత్రంతా ఆమె ఆడిన మాటల్లో నాకు బాగా నచ్చిన మాట అదే. ఇద్దరి చేతులూ కలిసి ఉండగా సినిమా అయిపోతుంది. వాళ్లు బాగుపడ్డారో లేదో చెప్పరు. ఒక్కటి చూశాను. వాళ్లకు ప్రార్థించడం తెలియదు, ఎవరి దగ్గరికి వెళ్లాలో తెలియదు. మనకు తెలుసు. తెలిసీ మనం వాళ్లకంటే ఎక్కువ దాచుకుంటాం.

మన సంఘాల్లో కూడా లేని కొడుకు ఒకడున్నాడు. వాడి పేరు "బాగున్నామండి, దేవుని కృప." గుమ్మంలో అడిగితే అదే మాట, ఫోన్‌లో అడిగితే అదే మాట. కృప నిజమే, బాగుండడం మాత్రం చాలాసార్లు అల్లుకున్నదే. వాడిని పెంచి పోషించింది మా కాపరులమే. ఏడిస్తే విశ్వాసం లేదన్నాం. పిల్లలు లేని ఆలుమగలను ముందుకు పిలిచి, అందరూ చూస్తుండగా తల మీద చేతులుంచి ప్రార్థించాం. వాళ్లు ఆ రోజు ఇంటికెళ్లి ఏమని పోట్లాడుకున్నారో మనకెప్పుడు తెలిసింది? నేను చాలాసార్లు అలా చేశాను. ఇక చేయను. అడిగినవారి ఇంటికి వెళ్లి, అడిగినట్టే ప్రార్థిస్తాను. కొత్తగా వచ్చినవారిని "పిల్లలెంతమందమ్మా?" అని గుమ్మంలోనే అడగడం కూడా మానేశాను. మీరూ మానండి.

ఆలుమగలకు నాదొక మనవి. పోట్లాటలో ఒకే పాత మాట మళ్లీ మళ్లీ వస్తోందంటే, దాని కింద ఏదో పాతిపెట్టి ఉంది. దాన్ని అత్తగారి ముందో, పాస్టరు ముందో తవ్వకండి. ఇద్దరే కూర్చుని తియ్యండి. ముందు తప్పు ఒప్పుకునేవాళ్లు ఓడిపోయినట్టు కాదు. చెయ్యి లేచే ఇంట్లో మాత్రం ఈ మాట వర్తించదు. దెబ్బలు తినే సహోదరీ, సర్దుకుపొమ్మని నేను నీకు చెప్పను. ముందు క్షేమంగా ఉన్న చోటికి రా, మా ఇంటి తలుపు తీసే ఉంటుంది. 181 నంబరుకు ఫోను చెయ్యడం విశ్వాసం లేకపోవడం కాదు.

పోయిన ఆదివారం సాయంత్రం మేమిద్దరం సమాధుల తోటకు వెళ్లాం. ఆ మూలన గడ్డి పెరిగిపోయింది, సరిగ్గా ఏ చోటో నేను చూపించలేకపోయాను. సుమారుగా ఇక్కడ అన్నాను. ఆమె అక్కడ కూర్చుంది. నేను బైబిలు తెరిచి, 17 ఏళ్ల కిందట చదవాల్సిన వాక్యం చదివాను. ప్రార్థన ఆమె చేసింది.

ప్రార్థన చేసుకుందాం. తండ్రీ, మా ఇళ్లలో మేము పాతిపెట్టి పేరు కూడా పెట్టని దుఃఖాలు నీకు తెలుసు. వాటిని ఒకరి మీద ఒకరు ఆయుధాలుగా ఎత్తినందుకు క్షమించు. లేచి మొక్కడం నేర్పిన దేవా, ఓదార్చడం కూడా నేర్పు. పిల్లలు లేని ఇళ్లను, పిల్లలను పోగొట్టుకున్న ఇళ్లను, మాటలు లేని ఇళ్లను ఈ రాత్రి దర్శించు. యేసు నామంలో అడుగుతున్నాం తండ్రీ, ఆమేన్.

మీ కాపరి